పీర్ల చావిడిలో కెమెరా: ఎడిటింగ్ టేబుల్ మీదికొచ్చిన ఒక కేసు

డాక్యుమెంటరీలు ఎడిట్ చేయడం నా వృత్తి. ఈ మధ్య మాత్రం కట్ చేయడం కంటే, షూటింగంతా అయిపోయాక "ఫుటేజ్ ఉంది, సినిమా లేదు" అంటూ వచ్చే డైరెక్టర్లతో కూర్చుని రషెస్ (కట్ చేయని ఫుటేజ్) మళ్ళీ మొదటి నుంచి చూడటమే ఎక్కువైంది. వాటిలో చాలా వరకు జాతర్లు, ఉరుసులు, తిరునాళ్ళు, ప్రార్థన కూటాలు, అంటే భక్తి చుట్టూ తిరిగేవే. వాటికి పట్టే జబ్బు దాదాపు ఒకటే కాబట్టి ఒక కేసు పూర్తిగా రాస్తున్నా. ఊరి పేరు, మనుషుల పేర్లు ఉండవు. కొందరి పనులు, చుట్టరికాలు మార్చాను. రాయలసీమ, పీర్ల పండుగ అన్నవి మాత్రం ఉన్నవి ఉన్నట్టే.

ఊరు, పండుగ, డైరెక్టర్

డైరెక్టర్ ముప్పైల్లో ఉన్న మనిషి, యాడ్ ఫిల్ముల నుంచి డాక్యుమెంటరీల వైపు వచ్చింది. తనకు దేవుడి పట్టింపు లేదు, అలాగని ఎదుటివాళ్ళ భక్తిని చూసి ముసిముసిగా నవ్వుకునే రకమూ కాదు.

పీర్ల పండుగ చూడనివాళ్ళ కోసం కొంచెం చెప్పాలి. క్రీ.శ. 680లో కర్బలాలో ప్రవక్త మనవడు ఇమాం హుస్సేన్, ఆయన వెంట ఉన్నవాళ్ళు చంపబడ్డారు. ముహర్రం నెల మొదటి పది రోజులు దాన్ని తలుచుకుంటారు. హైదరాబాద్ పాతబస్తీలో అది ప్రధానంగా సంతాపం: డబీర్‌పురా నుంచి కదిలే బీబీ కా ఆలం (పవిత్ర ధ్వజం) ఊరేగింపు, గుండెలు బాదుకునే మాతం, నల్లబట్టలు. మన పల్లెల్లో ఆ పది రోజుల తీరే వేరు. పెట్టెలో ఉన్న ఇత్తడి, వెండి పంజాలను (అరచేతి ఆకారపు గుర్తులు, పీర్లు అనేది వీటినే) బయటికి తీసి చింతపండుతో తోమి, రంగు దట్టీలు (గుడ్డలు) కట్టి చావిడిలో నిలబెడతారు. ఎదురుగా నిప్పుల గుండం తవ్వుతారు. చక్కెర చదివిస్తారు, మొక్కులు చెల్లిస్తారు, పీరు ఎత్తుకున్నవాళ్ళకు పూనకం వస్తుంది, తెల్లవారుజామున నిప్పులు తొక్కుతారు, పదో రోజు పీర్లు జలధికి (నీళ్ళ దగ్గర జరిగే సాగనంపుకు) పోతాయి. ఇందులో హిందువులు చూడటానికి వచ్చే చుట్టాలు కాదు, చేసేవాళ్ళలో వాళ్ళూ ఉంటారు. అనంతపురం జిల్లా గూగూడు కుల్లాయిస్వామికి మొక్కుకుని పుట్టినవాళ్ళు సీమ అంతటా కుల్లాయప్పలు, కుల్లాయమ్మలు అయ్యారు. హుసేనప్ప, పక్కీరప్ప అనే పేర్లు హిందూ ఇళ్ళల్లో కొత్తేం కాదు. ముస్లిం ఇల్లు ఒక్కటి కూడా లేని ఊళ్ళో పీర్లు లేచిన సందర్భాలూ ఉన్నాయి.

ఈ ఊళ్ళో ముజావర్, అంటే పీర్ల బాధ్యత చూసే మనిషి, దూదేకుల ముస్లిం కుటుంబానికి చెందిన పెద్దాయన. ఇంట్లో మాట్లాడేది తెలుగే. డైరెక్టర్ ఆయన్ని తాతా అని పిలిచేది, ఆయన అమ్మా అనేవాడు.

ఇంకో ముఖ్యమైన సంగతి, ఈ సినిమాకు డబ్బు ఒక గ్రాంటు నుంచి వచ్చింది. గ్రాంటుకు దరఖాస్తు పెట్టేటప్పుడు సినిమా ఏం చెబుతుందో ముందే రాయాలి కదా. ఊళ్ళో ఒక్క రోజు కూడా కెమెరా పెట్టకముందే "మత సామరస్యానికి సజీవ ఉదాహరణ" అని రాసిచ్చింది. అందులో ఆవిడ తప్పేం లేదు, అలా రాయకపోతే ఆ ఫైలు మొదటి టేబుల్ కూడా దాటదు. కానీ ఆ వాక్యం కాయితం మీద ఆగలేదు, షూటింగ్‌లోకి కూడా వచ్చేసింది.

నా దగ్గరికి వచ్చేనాటికి

2023 ముహర్రం అంతా షూట్ చేసి, గంటా నలభై నిమిషాల రఫ్ కట్ (మొదటి కూర్పు) పట్టుకొచ్చింది. నిప్పులు తొక్కే సీన్లు, డ్రోన్ షాట్లు, దట్టీల రంగులు అన్నీ బాగున్నాయి. మనుషులు నోరు తెరిచిన చోటే గొడవ. రైతు, సర్పంచ్ బంధువు, టీచరు, టీకొట్టాయన, చివరికి ముజావర్ తాత కూడా, చావిడి గోడ ముందు నిలబడి ఒకటే మాట: "మా ఊళ్ళో హిందువులు ముస్లింలు అన్నదమ్ముల్లా ఉంటాం." అందరూ నిజమే చెబుతున్నారు. కానీ ఆ మాట వాళ్ళు ఇప్పటికి ఎన్నోసార్లు టీవీ చానెళ్ళకు చెప్పి ఉన్నారు, ఎక్కడ ఆగాలో, ఎక్కడ తల ఊపాలో కూడా వాళ్ళకు తెలుసు. ప్రశ్న అలా ఉంది మరి: "ఈ పండుగ మీకు ఏమనిపిస్తుంది? మీ నమ్మకం ఏమిటి?" ముక్కూ మొహం తెలియని మనిషి కెమెరా పెట్టి నీ నమ్మకం ఏమిటి అని అడిగితే నేనూ ఉపన్యాసమే ఇస్తాను.

రెండో సమస్య అంతకంటే పెద్దది. టీములో ఒక కుర్రాడు ఉత్సాహం కొద్దీ చిన్న టీజర్ చేసి ఇన్‌స్టాలో పెట్టాడు. అందులో తొమ్మిదో రాత్రి పూనకం వచ్చిన ఒక నడివయసు ఆవిడ ఉంది: జుట్టు విరబోసుకుని, కళ్ళు తేలేసి, గట్టిగా అరుస్తూ. క్లిప్పు ఊరి వాట్సాప్ గ్రూపులకు, అక్కడి నుంచి ఆవిడ కొడుకు అత్తగారి ఊరికి చేరింది. అక్కడ నవ్వులాటైంది. టీజర్ తీసేశారు గానీ అప్పటికే అది ఎందరి ఫోన్లలోనో ఉంది. ముజావర్ తాత ఫోన్ ఎత్తడం మానేశాడు.

మూడోది పైకి కనపడదు. ఊళ్ళో కొందరు ముస్లిం యువకులు ఇవన్నీ దీన్‌లో, అంటే ఇస్లాంలో లేవని, పంజాలకు మొక్కడం తప్పని అంటున్నారు. వాళ్ళు కెమెరా ముందుకు రాలేదు. అటు హిందువుల్లోనూ మనకెందుకు ఈ పీర్లు అనే గొంతులు కొన్ని మొదలయ్యాయి. రఫ్ కట్‌లో ఈ రెండూ లేవు. సామరస్యం సినిమాలో వాటికి చోటెక్కడిది?

ముందుగా ప్రయత్నించినవి

చరిత్రకారుణ్ణి పెడదాం అని మొదటి ఆలోచన, డైరెక్టర్‌దే. కుతుబ్‌షాహీల కాలంలో ముహర్రం ఈ నేల మీద ఎలా వేళ్ళూనుకుంది, మహమ్మద్ కులీ కుతుబ్ షా ముహర్రం సంతాపానికి కట్టించిన బాద్‌షాహీ ఆశుర్‌ఖానా, ఆ గోడల మీది రంగు పలకలు, పల్లెల్లో పీర్లకు ఇనాం భూములు ఎలా వచ్చాయి, ఇదంతా చెప్పిస్తే సినిమాకు వెన్నెముక వస్తుందని. నాకు నమ్మకం కుదరలేదు కానీ వద్దనలేదు. ఇంటర్వ్యూ తీసే ముందు, ఆ మాటలు మేమే చదివి రికార్డు చేసి టైమ్‌లైన్‌లో పెట్టి చూశాం, దానికి పైసా ఖర్చు లేదు. చూడగానే తెలిసిపోయింది. ప్రొఫెసర్ గొంతు మొదలైన క్షణం నుంచి ఊరివాళ్ళు ఆయన చెప్పేదానికి బొమ్మలైపోయారు. ముజావర్ తాత తోమిన పంజా "ఉదాహరణకు ఇది" అన్నట్టు కనపడింది. చరిత్ర తెలియకపోతే సినిమా అర్థం కాదేమో అన్న భయం న్యాయమైనదే. దానికి మొదట్లో రెండు లైన్ల కార్డు చాలు.

తర్వాత, డైరెక్టర్ గొంతుతో నడిపిద్దాం అనుకున్నాం. దేవుణ్ణి నమ్మని అమ్మాయి నమ్మకాన్ని వెతుక్కుంటూ వెళ్ళడం. ఇలాంటివి మంచివి వచ్చాయి, కాదనను. కానీ అవి పనిచేసిన చోట డైరెక్టర్‌కు నిజంగా ఏదో తేలాల్సి ఉంటుంది, సొంత కుటుంబం, సొంత జమాతు, సొంత చర్చి. ఇక్కడ ఆవిడ నమ్మినా నమ్మకపోయినా గుండం ఆగదు. నలుగురు స్నేహితులకు వేసి చూపించాం. వాయిస్ ఓవర్ మొదలైన ప్రతిసారీ ఎవరో ఒకరు ఫోన్ తీశారు. నేను స్క్రీన్ కంటే వాళ్ళ చేతులనే ఎక్కువ చూస్తాను, నోటితో చెప్పే అభిప్రాయం కంటే అదే పనికొస్తుంది.

మూడోది నేను మొదట్లోనే ఆపాను. ప్రొడ్యూసర్ వైపు నుంచి వచ్చిన సలహా: వద్దంటున్న యువకులను, ముజావర్ తాతను ఒకచోట కూర్చోబెట్టి మాట్లాడిద్దాం, డ్రామా వస్తుంది. చట్టం భయం కొంత ఉంది, మత మనోభావాలను కావాలని గాయపరచడం మీద అప్పటికి ఐపీసీ 295ఎ ఉంది, 2024 జూలై నుంచి అది భారతీయ న్యాయ సంహితలో సెక్షన్ 299 అయింది. కానీ నేను ఆపింది అందుకు కాదు. ఆ కుర్రాళ్ళు, తాత రోజూ ఒకే వీధిలో తిరుగుతారు, ఒకే చావుకు పోతారు, ఒకే పెళ్ళిలో తింటారు. ఎదురెదురుగా కూర్చుని తేల్చుకోకుండానే బతుకుతున్నారు. కెమెరా ముందు కూర్చోబెడితే తేల్చక తప్పదు, ఒకసారి కెమెరాకు చెప్పిన మాట మీద రేపు నిలబడాల్సి వస్తుంది. మనం వ్యాన్ ఎక్కి వచ్చేస్తాం, వాళ్ళు అక్కడే ఉంటారు. పైగా అలా పుట్టించిన వాదన నిజం కూడా కాదు, ఎందుకంటే వాళ్ళ మధ్య తేడా రోజువారీగా ఆ రూపంలో లేనే లేదు. ఏ రూపంలో ఉందో అప్పటికి నాకూ తెలియదు.

మైకు ఆపని ఒక మధ్యాహ్నం

రషెస్ మళ్ళీ చూస్తున్నప్పుడు నేను కెమెరా ఫైళ్ళు మాత్రమే చూడను, సౌండ్ రికార్డర్ ఫైళ్ళు విడిగా వింటాను. కెమెరా ఆపేశాక కూడా బట్టలకు తగిలించే లేపెల్ మైకు చాలాసేపు మనిషి మీదే ఉంటుంది. అలా దొరికింది ఈ ముక్క. ఇంటర్వ్యూ అయిపోయింది, కెమెరామన్ టీకి వెళ్ళాడు, ముజావర్ తాత బనియన్‌కు మైకు అలాగే ఉంది. ఎవరో వచ్చారు.

"ఈ ఏడు కట్టెలు ఎవురివిరా?"

"మీ వీధివే కదా తాతా. పోయినేడు మా నాయన ఏసినాడు."

"మీ నాయన ఏసినేది మొక్కు కట్టెలు. వంతు కట్టెలు వేరే. వంతు ఈ ఏడు మీదే."

"రెండు బండ్లు ఏసినాడు తాతా!"

"పది బండ్లు ఏసినా మొక్కు మొక్కే."

అంతకుముందు ఇంటర్వ్యూలో మెత్తగా తల ఊపుతూ అన్నదమ్ములం అన్న మనిషి గొంతు ఇది కాదు. కుర్రాడు హిందువు. వాళ్ళిద్దరూ దాదాపు పావుగంట కొట్లాడారు, గుండానికి మొక్కుగా వేసిన కట్టెను వంతు లెక్కలోకి తీసుకోవచ్చా లేదా అని. పండుగ ఎవరిది అన్న ప్రశ్న ఇద్దరికీ రాలేదు.

డైరెక్టర్‌ను పిలిచి వినిపించాను. ఆవిడ రెండోసారి కూడా వింది. తర్వాత మేం చేసింది చాలా మామూలు పని: ఉన్న రషెస్ అంతా వెనక్కి తిప్పి, నమ్మకం గురించి ఎవరు ఏమన్నారో పక్కన పెట్టి, ఎవరు ఏ పని చేస్తున్నారు, అది ఎవరి హక్కు, ఎవరి వంతు, ఎవరి మొక్కు అని ఒక నోటుబుక్కులో రాసుకున్నాం. గుండానికి మొదటి గునపం పోటు ఒక రైతు కుటుంబానిది. ఊదు పొగ వేసేది ఇంకొకరు. పెద్ద పీరుకు మొదటి దట్టీ ఒక కోమటి ఇంటి నుంచి రావాలి. జలధి దగ్గర పీరు దట్టీలు విప్పేది ఫలానావాళ్ళు. ఊరంతా ఇలా పంచేసి ఉంది. ఆ జాబితాలో ఖాళీలు కూడా కనపడ్డాయి, అవే మాకు ఎక్కువ పనికొచ్చాయి. మొదటి పోటు వెయ్యాల్సిన పెద్దాయన అప్పటికి చనిపోయాడు, కొడుకు బెంగళూరులో డ్రైవరు.

సినిమా అక్కడుందని అప్పుడు అనిపించింది. కానీ అది తీయాలంటే ఇంకో ముహర్రం కావాలి, ఊళ్ళోకి మళ్ళీ అడుగు పెట్టనివ్వాలి.

పూనకం షాటు

ముందు ఆ టీజర్ ఆవిడ సంగతి తేలాలి. డైరెక్టర్ కెమెరా లేకుండా, ఒక్కతే వెళ్ళింది. ఎలా అడగాలి అన్న దాని మీద మేం చాలా మాట్లాడుకున్నాం. షూటింగ్ ముందు తీసుకున్న సంతకాల ఫారం ఒకటి ఉంది, అందులో ఆవిడ వేలిముద్ర కూడా ఉంది. లీగల్‌గా అది చాలు అన్నారు. నా వాదన ఏమిటంటే, ఆ ఫారం మీద వేలిముద్ర వేసింది మధ్యాహ్నం స్పృహలో ఉన్న మనిషి, ఫుటేజ్‌లో ఉన్నది రాత్రి పూనకంలో ఉన్న మనిషి. ఊరి లెక్క ప్రకారం అప్పుడు మాట్లాడింది ఆవిడ కూడా కాదు. మన లెక్కలో తీసుకున్నా, ఆ స్థితిలో తను ఎలా కనపడుతుందో తెలియని మనిషి ముందే ఇచ్చిన ఒప్పుకోలు అది. కాబట్టి చూపించి అడగాలి. ఆవిడ ఇంట్లోనే, ఆవిడ ఎవరుండాలంటే వాళ్ళే ఉండగా, మగవాళ్ళు ఎవరూ లేకుండా, టీజర్‌లో పెట్టిన ముక్క కాకుండా మొత్తం టేకు.

ఆవిడ లాప్‌టాప్‌లో మొత్తం చూసింది. సిగ్గుపడుతుందని, ఏడుస్తుందని డైరెక్టర్ భయపడింది. ఆవిడకు కోపం వచ్చింది, కానీ మేం అనుకున్న దానికి కాదు. "మాట ఇచ్చేది ఎందుకు కోసేసినారు?" అంది. టేకులో అరుపుల తర్వాత, పీరు ముందు పిల్లాణ్ణి ఎత్తుకుని నిలబడ్డ ఒక తల్లికి ఆవిడ ఏదో చెబుతుంది, నెమ్మదిగా, వరసగా, అంతా అయ్యాక ఆ తల్లి నుదుటి మీద ఊదు బూడిద పెడుతుంది. టీజర్‌లో అరుపు మాత్రమే ఉంది. "పెడితే అంతా పెట్టండి, లేకుంటే తీసేయండి" అని ఆవిడ తీర్పు.

కొడుకు మాత్రం అసలే వద్దన్నాడు. ఇక్కడ ఎవరి మాట వినాలి? ఆ శరీరం ఆవిడది, ఆ మాట ఆవిడది, కాబట్టి ఆవిడ ఒప్పుకుంటే చాలు అన్నది ఒక పక్క. ఆవిడ ఉండేది ఆ కొడుకు ఇంట్లోనే, అతను అత్తారింటికి వెళ్ళి తలెత్తుకోవాలి అన్నది ఇంకో పక్క. నేను రెండో పక్కకే మొగ్గాను, అయితే షాటు మొత్తం వదులుకోవాలని లేదు. అదే టేకు సమయంలో రెండో కెమెరా వింటున్నవాళ్ళ మీద ఉంది. ఆవిడ గొంతు పూర్తిగా, ఒక్క కోత లేకుండా ఉంచి, బొమ్మ మాత్రం ఆ తల్లి మీద, పక్కన నిలబడ్డవాళ్ళ మీద పెట్టాం. ఆవిడకు చూపించాం, "మాట ఉంది కదా, చాలు" అంది. కొడుక్కు చూపించాం, ఏమీ అనలేదు, డైరెక్టర్‌కు మంచినీళ్ళు తెప్పించాడు. సినిమాకు కూడా ఇదే మేలైంది. పూనకం వచ్చిన మొహాన్ని చూస్తే ఊరి బయటివాళ్ళకు తమాషా. వింటున్న తల్లి మొహం చూస్తే, ఆవిడ అక్కడికి ఎందుకొచ్చిందో తెలుస్తుంది.

ఆ తర్వాతే ముజావర్ తాత ఫోన్ ఎత్తాడు.

2024 ముహర్రం

ఈసారి ప్లాన్ అంతా ఆ నోటుబుక్కు చుట్టూనే. నమ్మకం, దేవుడు, సామరస్యం, ఈ మూడు మాటలు ప్రశ్నల్లో ఉండకూడదని నియమం పెట్టుకున్నాం. అడగాల్సినవి: ఈ దట్టీ ఎవరు తెచ్చారు? ఎవరు కట్టాలి? వాళ్ళు రాకపోతే? ఈ చివరి ప్రశ్న మంత్రంలా పనిచేసింది. బెంగళూరు డ్రైవరు రాకపోతే ఏం చేస్తావ్ తాతా అని అడిగితే, "పిలుస్తాం. పిలిచినా రాకుంటే గునపం తీసుకుపోయి వాళ్ళ ఇంటి వాకిట్లో పెట్టొస్తాం. తెచ్చుకోక ఏం చేస్తాడు?" అన్నాడు. ఇందులో అన్నదమ్ములూ లేరు, సామరస్యమూ లేదు. చచ్చినట్టు రావాల్సిందే అన్న ధీమా ఉంది.

చంద్రమానం కాబట్టి పండుగ ఏటా పది పన్నెండు రోజులు ముందుకు జరుగుతుంది. 2023లో జూలై 29న వచ్చింది, 2024లో జూలై 17కే వచ్చేసింది. నెలవంక కనపడటాన్ని బట్టి ఇంకో రోజు అటూ ఇటూ. డేట్లు బుక్ చేసుకున్న కెమెరామన్‌తో ఇది ఎంత టెన్షనో చెప్పక్కర్లేదు. కానీ ఆ జరుగుడే మాకు ఒక సీను ఇచ్చింది. సీమలో అది వేరుశనగ విత్తే అదను. పండుగ మధ్యలో వాన పడింది. పీరు ఎత్తాల్సినవాళ్ళలో సగం మంది పొలాల్లో ఉన్నారు, వాన పదును పోతే మళ్ళీ దొరకదు. సాయంత్రం పీర్లు లేవడం ఆలస్యమైంది, తాత చావిడి అరుగు మీద కూర్చుని పొలాల వైపు చూస్తూ తిట్టుకున్నాడు, ఒక్కొక్కడు బురద కాళ్ళతో పరుగెత్తుకొచ్చి కుళాయి దగ్గర కాళ్ళు కడుక్కుని లోపలికి వెళ్ళాడు. మేం ఒక కెమెరాను ఆ కుళాయి దగ్గర స్టాండు వేసి కదలకుండా ఉంచాం. చావిడిలోకి పోయే ప్రతి మనిషీ అక్కడ ఆగాల్సిందే. గుండం రాత్రి కూడా ఒక కెమెరా నిప్పుల వైపు తిప్పలేదు. మొదటి ఏడాది మంటకు ఎక్స్‌పోజర్ పెడితే మొహాలు బొగ్గయ్యాయి, మొహాలకు పెడితే మంట తెల్ల మచ్చయింది. రెండూ ఒక ఫ్రేములో కావాలన్న ఆశ వదిలేసి, దూకబోయే ముందు వరసలో నిలబడ్డవాళ్ళ మీదే ఉంచాం. డ్రోన్ తీసుకెళ్ళలేదు. మొదటి ఏడాది డ్రోన్ షాట్లలో జనం పీరును కాదు, డ్రోన్‌ను చూస్తున్నారు.

పండుగ వద్దనే యువకుల సంగతి కూడా నోటుబుక్కులోంచే తేలింది. చావిడి లైట్లు, మైక్ సెట్టు వైరింగు ఎవరిది అని రాసుకుంటుంటే ఒక పేరు వచ్చింది, ఆ వద్దనే వాళ్ళలో ఒకడే. వాళ్ళ నాన్న చేసేవాడు, ఇప్పుడు ఇతను. ఏడో రోజు మధ్యాహ్నం నిచ్చెన పట్టుకొచ్చి, చావిడి చూరు కింద వైరు లాగి, సీరియల్ లైట్లు కట్టి, స్విచ్ వేసి చూసుకుని, ఫాతెహా ప్రార్థన మొదలవకముందే వెళ్ళిపోతాడు. తాత అతనికి టీ తెప్పిస్తాడు, లోపలికి రమ్మని పిలవడు. షూట్ చేయొచ్చా అని డైరెక్టర్ అడిగితే, వైరింగ్ వరకైతే సరే, మతం గురించి అడగొద్దు అన్నాడు. అడగలేదు. పని చేస్తూ తనే ఒక మాట అన్నాడు, "పిల్లోళ్ళు తిరుగుతాంటారు, షాక్ కొడితే ఎవురిది బాధ్యత?" అంతే. ప్రొడ్యూసర్ కోరిన వాదనంతా ఆ నిచ్చెన సీనులో ఉంది, ఎవరూ ఎవరినీ ఒక్క మాట అనలేదు.

కట్, గ్రాంటువాళ్ళు, ఊరి తెర

ఎడిటింగ్‌లో పెద్దగా చెప్పడానికి లేదు. పది రోజులు, పది రోజుల పనులు, ఎవరి వంతు వచ్చినప్పుడు వాళ్ళు. మొదట్లో కర్బలా గురించి కార్డు. సినిమా నిడివి గంటలోపే వచ్చింది. అన్నదమ్ములం అన్న ఇంటర్వ్యూల్లో ఒక్కటీ మిగల్లేదు. గ్రాంటువాళ్ళు సామరస్యం ఎక్కడ అని అడిగారు. కట్టెల తగాదా సీను మళ్ళీ చూడమన్నాం. ఒప్పుకున్నారు, కొంచెం అసంతృప్తితోనే.

బయట ఎక్కడా వేయకముందు ఊళ్ళో వేయాలని ముందే మాటిచ్చాం, చావిడి ముందే తెర కట్టి వేశారు. జనం నవ్వారు, తమను తాము చూసుకుని అరిచారు. అయిపోయాక డప్పు బృందంలో ఒక పెద్దాయన లేచాడు. ఎస్సీ కాలనీ నుంచి వచ్చే బృందం, గుండం రాత్రంతా వాళ్ళ డప్పు లేకుండా ఒక్క నిమిషం నడవదు. "సినిమా అంతా మా డప్పు ఇనపడతాంది సార్. మేం యాడా కనపడం" అన్నాడు. నిజం. మేం హక్కులు, వంతులు రాసుకున్న నోటుబుక్కులో వాళ్ళు లేరు, ఎందుకంటే ఊరు వాళ్ళ పనిని హక్కుగా చెప్పలేదు, కూలిగా చెప్పింది. మేం ఊరి లెక్కనే మా లెక్క చేసుకున్నాం.

రషెస్‌లో వెతికితే ఉన్నారు. డప్పులు సెగకు కాచుకోవడం, రేటు మీద తాతతో బేరం. పోయినేటి కంటే ఎక్కువ అడిగారు, తాత పీర్ల పేరు చెప్పి తగ్గించమన్నాడు, పీర్లకు కొట్టేది వేరే, రాత్రంతా నిలబడేది వేరే అని వీళ్ళు. మొక్కు వేరే, వంతు వేరే అని కుర్రాడికి చెప్పిన తాతకు ఈ లెక్క మింగుడుపడలేదు. ఆ బేరం సినిమాలో పెడితే తాతకు చిన్నతనం కాదా అని డైరెక్టర్ తటపటాయించింది. తాతను అడిగితే, "బేరం ఆడకుంటే ఎట్లమ్మా" అని నవ్వేశాడు. కట్టెల తగాదా తర్వాత వెంటనే దాన్ని పెట్టాం.

ఇలాంటి కేసు వస్తే ఇప్పుడు నేను చేసేది

డైరెక్టర్ ఫుటేజ్ డ్రైవు ఇచ్చేటప్పుడే మైకు ఫైళ్ళు విడిగా అడుగుతాను, వాటిలో టేకుల మధ్య ఉన్నవే ముందు వింటాను. గ్రాంటు దరఖాస్తులో రాసిన వాక్యం కూడా అడుగుతాను. ఆ వాక్యం సినిమాలో మనుషుల నోటి నుంచి ఎక్కడెక్కడ వస్తుందో గుర్తుపెట్టి, ఆ చోట్లన్నీ తీసేసి ఒకసారి చూడమంటాను. చాలాసార్లు ఏమీ మిగలదు, అప్పుడు మళ్ళీ షూట్‌కు పోవాల్సిందే అని ముందే తెలిస్తే నష్టం తక్కువ.

పనుల జాబితా వేయించడం ఇప్పుడు నాకు అలవాటైంది, చర్చి మీద సినిమా అయినా, దర్గా మీదైనా, మఠం మీదైనా. కాకపోతే ఒక్క చేర్పు: ఊరు లేదా సంఘం చెప్పిన జాబితా పక్కన, శబ్దంలో, మురికిలో, వంటలో ఎవరున్నారో చూసి రెండో జాబితా. డప్పు పెద్దాయన లేవకపోతే ఆ రెండోది నాకు తట్టేది కాదేమో.

పూనకం, ప్రార్థనలో ఏడుపు, దయ్యం విడిపించడం లాంటి టేకులకు ముందు తీసుకున్న సంతకం నేను లెక్కలోకి తీసుకోను. తర్వాత చూపించి, కోయకుండా మొత్తం చూపించి, అడగమంటాను. ఇందుకు టైమ్ పడుతుంది, ప్రొడ్యూసర్లకు నచ్చదు. నేను పని ఒప్పుకునేటప్పుడే ఆ టైమ్‌ను షెడ్యూల్‌లో రాయిస్తున్నాను.

ఈ సినిమా ఆన్‌లైన్‌లో దొరకదు. ఊళ్ళో వేసినప్పుడు జనం ఒప్పుకున్నది హాల్లో, కాలేజీల్లో, ఎవరైనా వెంట ఉండి వేసే చోట్ల మాత్రమే. టీజర్ అనుభవం తర్వాత ఆ షరతు వాళ్ళే పెట్టారు, పూనకం వచ్చిన ఆవిడ కొడుకు అందరికంటే గట్టిగా. ఒక ఓటీటీ నుంచి అడిగినప్పుడు డైరెక్టర్ మళ్ళీ ఊరికి వెళ్ళి అడిగింది. వైరింగ్ కుర్రాడు సరే అన్నాడు, డప్పు బృందం ఎంతిస్తారు అని అడిగింది, ముజావర్ తాత వచ్చే ముహర్రం దాకా ఆగమన్నాడు.